ఇరవై మీటర్ల మర్యాద

మా కెటిల్ బే ఊరికి సముద్రంలోంచి జంతువులు రావడం కొత్తేమీ కాదు. ఏటా డిసెంబరులో ఎండలు ముదిరే వేళకి ఏదో ఒక సీలు ఒడ్డెక్కేది, నాలుగు రోజులు ఇసుకలో దొర్లేది, తనకి తోచినప్పుడు వెళ్ళిపోయేది. మేం దాన్ని చూసేవాళ్ళం, అది మమ్మల్ని చూసేది, ఎవరి పని వాళ్ళం చూసుకునేవాళ్ళం. ఇందులో కౌన్సిల్ చెయ్యవలసిందేమీ ఉండేది కాదు. ఆ లోటు పోయిన సెప్టెంబరులో తీరింది.

ఆస్ట్రేలియా దక్షిణపు ఒడ్డున, పటంలో వేలు పెడితే వేలి కింద దాగిపోయేంత ఊరు మాది. మాది అంటున్నాను గానీ నేను పుట్టింది తెనాలి. పేరు హైమవతి. పదకొండేళ్ళుగా ఇక్కడి కౌన్సిల్ ఆఫీసులో రికార్డుల కౌంటర్ దగ్గర కూర్చుంటున్నాను. కాబట్టి ఇప్పుడు చెప్పబోయేదంతా ఫైళ్ళలో ఉంది. నేనే పెట్టాను.

సెప్టెంబరులో మా మేయర్ డోరతీ హాస్క్ గారు తీర ప్రాంత కౌన్సిళ్ళ మహాసభకి వెళ్ళివచ్చారు. పక్క కౌన్సిల్ వాళ్ళు డాల్ఫిన్లకి స్వాగతం చెబుతూ బోర్డులు పెట్టారట, దానికి వాళ్ళకో గాజు షీల్డు ఇచ్చారట. డాల్ఫిన్లు ఆ బోర్డులు చదివాయో లేదో తెలియదు గానీ మా మేయర్ చదివారు. తిరిగొచ్చిన మర్నాడే జనరల్ మేనేజర్ నైజెల్ ఫార్ గారిని పిలిచి, మనకీ అలాంటిదేదో కావాలన్నారు.

నైజెల్ గారు మూడు వారాల్లో నలభై ఆరు పేజీల 'సముద్ర అతిథుల గౌరవ విధానం' తయారుచేశారు. అందులో జంతువు అనే మాట ఎక్కడా లేదు. అతిథి అనే ఉంది. అతిథి శరీరంలో మనకి అతి దగ్గరగా ఉన్న భాగం నుంచి, మీసంతో సహా, ఇరవై మీటర్ల లోపల ఏ మనిషీ ఉండరాదు. అతిథిని లేపరాదు, కదిలించరాదు, తొందరపెట్టరాదు. అతిథి తనంతట తానే మనుషుల వైపు వచ్చిన పక్షంలో, మనుషులు అతిథికి వీపు చూపకుండా, ముఖంలో అయిష్టం కనబడనీయకుండా వెనక్కి నడవవలెను.

"ఇది కేవలం విధానం కాదు. మానవేతర భాగస్వాములతో మనం సాగించబోయే సంభాషణ," అని నైజెల్ గారు కౌన్సిల్ సమావేశంలో చెప్పారు. తొమ్మిదిమంది సభ్యులూ చేతులెత్తారు. ఎనిమిదిమంది చదవకుండా ఎత్తారు. తొమ్మిదో ఆయన నిద్రలో ఎత్తాడు.

ఇక అలివేలక్క సంగతి.

యర్రంశెట్టి అలివేలుది శ్రీకాకుళం జిల్లా, కళింగపట్నం పక్క. భర్త సింహాద్రి ఇక్కడ పడవలు బాగుచేసే షెడ్డులో పని చేస్తాడు. ఆవిడ మా ఊరి వృద్ధాశ్రమంలో వంట మనిషి. తొమ్మిదేళ్ళ కిందట చేరినప్పుడు అక్కడి ముసలివాళ్ళు ఉడకబెట్టిన బంగాళాదుంప తప్ప వేరే రుచి ఎరగనివాళ్ళు. ఇప్పుడు గురువారం సాంబారు లేకపోతే తొంభై ఏళ్ళ మార్జొరీ గారు చెంచాతో బల్ల మీద కొడుతుంది. అక్క ఇంగ్లీషు బాగానే మాట్లాడుతుంది, కాకపోతే ఏ భాష మాట్లాడినా కళింగపట్నం యాసే. అందుకని ఆవిడ మాటలన్నీ ఒక్క తీరునే రాస్తున్నాను.

సింహాద్రికి రెండేళ్ళ కిందటే ఇక్కడి పౌరసత్వం వచ్చింది. అక్కకి పోయిన డిసెంబరులో మంజూరైంది. అయితే మంజూరు కాగానే సరిపోదు. మేయర్ ఎదుట నిలబడి ప్రమాణం చెయ్యాలి. ఏడాదిలోగా చెయ్యకపోతే మంజూరు రద్దు, మళ్ళీ దరఖాస్తు నుంచి మొదలు. మార్చిలో జరగాల్సిన ప్రమాణం హాలుకి కొత్త తివాచీ వేస్తున్నారని వాయిదా పడింది. జూన్‌లో మేయర్ గారి గొంతు పోయింది. సెప్టెంబరులో అదే హాలుని అదే రోజున పిల్లుల ప్రదర్శనకి ఇచ్చేశారు. మిగిలింది డిసెంబరు పన్నెండు, శుక్రవారం. గడువుకి ఆఖరి రోజు కూడా అదే.

"ఈసారి ఖాయం అక్కా," అన్నాను సోమవారం నాడు.

"ఖాయమంటే మీ ఆఫీసు ఖాయమా, మామూలు ఖాయమా?" అని అడిగింది.

మంగళవారం పొద్దున్న ఏడు గంటలకి సముద్రం లోంచి ఏనుగు సీలు ఒకటి బయటికొచ్చింది. ఏనుగు సీలంటే మామూలు సీలు కాదు. చిన్న వ్యానంత ఒళ్ళు, దాని ముందు జారిపోయిన తొండం లాంటి ముక్కు, పాత సోఫా తొక్క ఊడినట్టు ఊడుతున్న చర్మం. అది ఇసుక దాటి, గడ్డి దాటి, కార్ పార్కులోకొచ్చి, పద్నాలుగో నంబరు గడిలో అడ్డంగా పడుకుని, ఊరంతా వినబడేలా ఒక నిట్టూర్పు విడిచింది.

కౌన్సిల్ రేంజర్ బారీ నారింజ రంగు కోన్‌లు, ఇరవై మీటర్ల టేపూ పట్టుకుని పరిగెత్తాడు. బారీకి అరవై ఒకటి. వచ్చే ఏడు రిటైరవుతాడు. అప్పటిదాకా ఏ నియమం తప్పకూడదని అతని ఆశయం. కానీ మీసం నుంచి ఇరవై మీటర్లు కొలవాలంటే టేపు ఒక కొస మీసం దగ్గర పెట్టాలి, అంటే ఇరవై మీటర్ల లోపలికి వెళ్ళాలి. ఈ ధర్మసంకటం మీద బారీ నైజెల్ గారికి ఫోన్ చేశాడు.

"ఆధారసహితమైన అంచనా వెయ్యండి," అన్నారు నైజెల్ గారు.

బారీ కళ్ళు చికిలించి, ఎందుకైనా మంచిదని ఇరవై ఐదుకి కోన్‌లు పెట్టాడు.

ఆ కార్ పార్కులో రెండు గంటలకి మించి ఏదీ నిలపకూడదు. రెండు గంటల ఒక్క నిమిషానికి కెమెరా పద్నాలుగో గడిలో ఉల్లంఘన అని నా కంప్యూటర్‌కి పంపింది. అలా మూడుసార్లు పంపాక నైజెల్ గారు నా కౌంటర్ దగ్గరికొచ్చారు. "అతిథికి ఇలాంటి నోటీసులు వెళ్ళడం మన విధాన స్ఫూర్తికి విరుద్ధం. నివాసి పర్మిట్ ఇచ్చెయ్యండి."

నివాసి పర్మిట్‌కి చిరునామా కావాలి. 'కార్ పార్కు, గడి 14' అని రాశాను. పేరు కావాలి. కిటికీలోంచి బయటికి చూశాను. కోన్‌ల అవతల జనం మధ్య అలివేలక్క నిలబడి ఉంది.

"ఏటమ్మా ఈడు! ఇంత బండోడు నేలమీద ఎలగ పాకేడు?" అని నాకేసి అరిచింది.

ఏం చెయ్యను, వేళ్ళు ఆ 'బండోడు' మాటే ఇంగ్లీషులో కొట్టేశాయి. కంప్యూటర్‌కి ఇంటిపేరు విడిగా కావాలంటే రెండు ముక్కలు చేశాను. ఆ రోజు నుంచి మా రికార్డుల్లో ఆయన మిస్టర్ బాండో డు. మేయర్ గారు ఆ పేరు విని, ఏ ద్వీపం వాళ్ళదో గానీ ఎంతో హుందాగా ఉందన్నారు.

బుధవారం మిస్టర్ డు బజారు వీధికొచ్చారు. ఆయనతో పాటు ఇరవై మీటర్లూ వచ్చాయి. ఆయన మందుల షాపు వైపు రెండు పాకులు పాకితే ఆ వైపు జనమంతా ముఖాన చిరునవ్వు అతికించుకుని వెనక్కి నడిచారు. వెనక్కి నడిచేవాళ్ళు ఎదురుగా వెనక్కి నడిచేవాళ్ళని గుద్దుకున్నారు. రొట్టెల షాపు ఆయన లోపలే ఇరుక్కుపోయి, వెనక గోడమీంచి రొట్టెలు విసిరాడు. మధ్యాహ్నానికి ఊళ్ళో సగంమంది వెనక్కి నడవడానికి అలవాటు పడి, సీలు లేని వీధుల్లో కూడా అలాగే తిరుగుతున్నారు.

వృద్ధాశ్రమానికి వెళ్ళే బస్‌స్టాపు ఆ వలయంలోనే పడింది. అక్క మూడు కిలోమీటర్లు నడిచి వెళ్ళింది. ముసలివాళ్ళకి గంట ఆలస్యంగా టిఫిన్ అందింది. మార్జొరీ గారు చెంచా వంచేసింది.

కౌన్సిల్‌కి ఫిర్యాదులు వెల్లువెత్తాయి. నైజెల్ గారు ప్రజాభిప్రాయ సేకరణ చేపట్టారు. నియమం ప్రకారం అతిథికి అత్యంత సమీపంలో నివసించే వారికి ఉత్తరం పంపాలి. కంప్యూటర్ వెతికి వెతికి, అతిథికి అత్యంత సమీపంలో నివసించేది మిస్టర్ బాండో డు అని తేల్చి, ఆయనకి పంపింది. పన్నెండు గంటల్లో జవాబు రాకపోతే అంగీకారం కింద లెక్క. రాలేదు.

"సంప్రదించిన నివాసుల్లో నూటికి నూరుమంది సుముఖంగా ఉన్నారు," అని మర్నాడు పొద్దున్న నైజెల్ గారు పత్రికకి ప్రకటన ఇచ్చారు.

ఆ గురువారం నాడే మిస్టర్ డుకి ఎండ ఎక్కువైనట్టుంది. కౌన్సిల్ హాలు ముందున్న వాలు మీదుగా పాకి వచ్చారు. ఎవరొచ్చినా తెరుచుకునే తలుపులు ఆయనకీ తెరుచుకున్నాయి. లోపల ఏసీ. ఆయన హాలు ఆ చివరిదాకా వెళ్ళి, వేదిక కింద, జెండా పక్కన, కొత్త తివాచీ మీద పడుకున్నారు.

నేను రాజధానిలోని పౌరసత్వ శాఖకి ఫోన్ చేశాను. గడువు పెంచడానికి వీల్లేదన్నారు. స్థలం మార్చాలంటే ఇరవై ఎనిమిది రోజుల ముందు తెలియజేయాలన్నారు. లోపల సీలు ఉందని చెప్పాను. ఏ సీలు, రబ్బరుదా, లక్కదా అని అడిగారు.

సాయంత్రం అక్క వచ్చింది. ఏప్రన్ కూడా విప్పలేదు. విషయం చెప్పాను. కౌంటర్ ముందు కుర్చీలో కూర్చుంది.

"మళ్ళీ దరఖాస్తు పెడదాం అక్కా. రెండేళ్ళు ఇట్టే గడిచిపోతాయి," అన్నాను. చెప్పిన నాకే చాలా నీచంగా అనిపించింది.

"అది కాదమ్మా," అంది. "ఓట్లొచ్చినపుడల్లా మా ముసిలోల్లని చక్రాల కుర్చీల్లో కూకోబెట్టి, ఒక్కొక్కల్నే తోసుకుని ఓటేయించడానికి నానే తీసికెల్తాను. గుమ్మం కాడికెల్లేసరికి లోపలున్న పిల్ల పుస్తకం సూసి, మీ పేరు లేదు, మీరు బయటుండండంతాది. మంచిగానే అంతాది. మార్జొరీ ఎపుడూ లోపల్నించి కేకేస్తాది, అలివేలూ, నీకెవుడు కావాలో సెప్పు, నానేసీస్తానని. నాను బయట గోడకానుకుని నిలబడతాను. వచ్చే మార్చిలో మళ్ళీ ఓట్లున్నాయి. ఈసారి లోపలికెల్తానని దానికి మాటిచ్చేను."

నేను లేచి తిన్నగా నైజెల్ గారి గదిలోకి వెళ్ళాను. పదకొండేళ్ళలో తలుపు తట్టకుండా వెళ్ళడం అదే మొదలు. ప్రమాణం జరక్కపోతే అది ఈ ఏడాది నాలుగో వాయిదా అనీ, ఆ ముక్క షీల్డు ఇచ్చేవాళ్ళకి తెలియకుండా ఉండదనీ చెప్పాను.

నైజెల్ గారు హాలు నక్షా తెప్పించారు. అతిథి మీసం నుంచి తలుపు దాకా ఇరవై మూడు మీటర్లు. అతిథి ఆ చివర. ఈ చివర తలుపు దగ్గర మూడు మీటర్ల పట్టీ చట్టబద్ధంగా ఖాళీ ఉంది.

"సమగ్ర సహజీవన నమూనాలో కార్యక్రమం నిర్వహిస్తాం," అన్నారాయన.

శుక్రవారం మూడు గంటలకి ఆ మూడు మీటర్ల పట్టీలో మేయర్, నైజెల్, బారీ, నేను, ప్రమాణం చెయ్యవలసిన పదకొండుమంది ఒకరి మోచేతులు ఒకరి పక్కటెముకల్లో పెట్టి నిలబడ్డాం. అలివేలక్క ఆకుపచ్చ ఉప్పాడ చీర కట్టుకుంది. కుటుంబాలు బయట కిటికీల దగ్గర. సింహాద్రి ఫోన్ అద్దానికి ఆనించి వీడియో తీస్తున్నాడు. అతిథిని లేపకూడదు కాబట్టి మైకు లేదు, అంతా గుసగుసల్లోనే.

మేయర్ గారు మెళ్ళో బంగారు రంగు గొలుసు సర్దుకుని, "ఈ చారిత్రక ఘడియలో..." అని గుసగుసలాడారు. జాతీయ గీతం గుసగుసగా పాడాం. పొయ్యి మీద పాలు పొంగబోతున్నట్టు వినిపించింది. తర్వాత ఇంటిపేర్ల వరుసలో ఒక్కొక్కరూ ప్రమాణం మొదలుపెట్టారు. ఇంగ్లీషు అక్షరాల్లో యర్రంశెట్టి కన్నా వెనక ఎవరుంటారు? అక్కది పదకొండో పేరు.

ఏడో మనిషి ప్రమాణం మధ్యలో మిస్టర్ డు ఒక కన్ను తెరిచారు. ఆవులించారు. ఆ ఆవులింత వాసన మాదాకా రావడానికి రెండు క్షణాలు పట్టింది. తర్వాత ఆయన కదిలారు, మా వైపే.

"వెనక్కి! గౌరవంగా!" అన్నాడు బారీ.

మేమంతా చిరునవ్వులతో వెనక్కి నడిచి తలుపు దాటాం. మేయర్ గారు ఆగలేదు, వాలు మీద వెనక్కి దిగుతూనే ప్రమాణం చదివారు. ఏడో మనిషి దిగుతూనే పూర్తిచేశాడు. ఎనిమిదో ఆవిడ పచ్చిక మీద చేసింది. తొమ్మిదో ఆయన రోడ్డుకి అడ్డంగా చేశాడు. కార్లు ఆగిపోయాయి, డ్రైవర్లు దిగి వాళ్ళూ మాతో పాటు వెనక్కి నడిచారు. పదో కుర్రాడు బీచి మెట్ల మీద చేస్తూ చివరి మాట దగ్గర బోర్లా పడబోయి, వెల్లకిలా పడ్డాడు. మా వెనక ఊరు ఊరంతా సముద్రం వైపు వెనక్కి నడుస్తోంది. ముందు మిస్టర్ డు, చిన్న వ్యానంత ఒళ్ళూ అలలు అలలుగా కదిలిస్తూ, మాకేసి చూడనైనా చూడకుండా వస్తున్నారు.

నైజెల్ గారు మొదట నీళ్ళలోకి దిగారు. దిగి గట్టిగా అరిచారు. "మేడమ్, ఆగండి! కౌన్సిల్ అధికార పరిధి అలల గీతతో సరి! ఆ గీత దాటితే మీరు మేయర్ కారు!"

మేయర్ గారు కిందికి చూసుకున్నారు. ఎడమ బూటు పొడి ఇసుకలో, కుడి బూటు తడి ఇసుకలో ఉంది. వెనక్కి వెళితే పదవి ఉండదు, ఆగితే ఇరవై మీటర్ల నియమం ఉండదు. ఆవిడ ఒంటికాలి మీద నిలబడ్డారు.

పేరు పిలవవలసింది నేను. "శ్రీమతి అలివేలు యర్రంశెట్టి," అన్నాను. గుసగుసగా కాదు.

అక్క ఆగిపోయింది. మేమందరం వెనక్కి వెళుతూనే ఉన్నాం. ఆవిడొక్కతే మేయర్‌కి నాలుగడుగుల దూరంలో ఇసుకలో నిలబడింది.

"వెనక్కి రండి అలివేలూ! పదిహేను మీటర్లే ఉంది!" అన్నాడు బారీ.

"నానింక ఎనక్కి రాను బారీ," అంది. "మేయరమ్మా, మీరు సదవండి. నాను పలుకుతాను."

"అమ్మా, ఇది..." అన్నారు మేయర్.

"సదవండమ్మా. గొంతిప్పి సదవండి."

డోరతీ హాస్క్ గారు ఆవిడ ముఖంలోకి చూశారు. ఏం కనబడిందో మరి. ఎత్తిన కాలు పొడి ఇసుకలో దించి, బయలంతా వినబడేలా చదివారు. అక్క ఒక్కొక్క మాటే తిరిగి పలికింది. పది మీటర్లు. ఐదు మీటర్లు. ఈ దేశం మీద విశ్వాసం దగ్గర మిస్టర్ డు నీడ ఆవిడ చీర కుచ్చిళ్ళ మీద పడింది. ఇక్కడి చట్టాలను శిరసావహిస్తానని పలుకుతున్నప్పుడు నైజెల్ గారు నడుంలోతు నీళ్ళలోంచి, "ఉల్లంఘన! అదే వాక్యంలో ఉల్లంఘన!" అని కేకపెట్టారు.

మిస్టర్ డు ఆవిడ పక్కన, చెయ్యి చాపితే అందేంత దూరంలో ఆగారు. ముక్కు ఎగరేశారు. తుమ్మారు.

అదొక బకెట్టు. ఉప్పాడ చీర ఆకుపచ్చ రంగు పోయి మరేదో రంగుకొచ్చింది. అలివేలక్క కళ్ళు గట్టిగా మూసుకుంది. నోరు మాత్రం ఆపలేదు. ఆఖరి మాట దాకా పలికి, అప్పుడు కొంగుతో ముఖం తుడుచుకుంది.

మిస్టర్ డు ఆవిడకీ మేయర్‌కీ మధ్య నుంచి నీళ్ళలోకి దిగారు. దారిలో ఉన్న నైజెల్ గారు వీపు చూపకుండా వెనక్కి నడుస్తూ ఛాతీలోతుకీ, మెడలోతుకీ వెళ్ళారు. చివరికి ఆయన చిరునవ్వు ఒక్కటే నీళ్ళ పైన తేలింది. మిస్టర్ డు ఆయన పక్కనుంచి మునిగి, మరి కనబడలేదు.

ఊరంతా ఒక్కసారి ముందుకి పరిగెత్తింది. నాలుగు రోజుల్లో జనం ముందుకి పరిగెత్తడం అదే మొదటిసారి. సింహాద్రి వంగాడు, అతని వీపు మీద కాగితం పెట్టి మేయర్ సంతకం చేశారు. మూడూ నలభై రెండు. నేను ముద్ర వేశాను.

అప్పుడు బారీ వచ్చాడు. చేతిలో నోటీసు పుస్తకం.

"నన్ను క్షమించండి అలివేలూ. రాయక తప్పదు. ఇది హెచ్చరిక మాత్రమే."

"రాయి బాబూ. నీ పని నువ్వు సెయ్యి."

బారీ ఇసుకలో మోకాళ్ళ మీద కూర్చుని రాయడం మొదలుపెట్టి ఒక గడి దగ్గర ఆగాడు. ఉల్లంఘించిన వ్యక్తి పౌరులా, కాదా? నీళ్ళోడుతూ ఒడ్డుకొచ్చిన నైజెల్ గారిని అడిగాడు. ఆయన చెవిలో నీళ్ళు దులుపుకున్నారు. "ఉల్లంఘన ఆరంభంలో కారు. అంత్యంలో అవును. అంత్యస్థితే ప్రామాణికం. ఇది న్యాయ సలహాకు లోబడి చెబుతున్నాను."

బారీ టిక్కు పెట్టాడు. నియమం ప్రకారం నోటీసుని ఆ మనిషికి చదివి వినిపించాలి. చదివాడు. "కెటిల్ బేలో నివసించే ఆస్ట్రేలియా పౌరురాలు శ్రీమతి అలివేలు యర్రంశెట్టి గారికి తెలియజేయునది ఏమనగా, తమరు ఈ రోజు సముద్ర అతిథికి..."

"ఆగు బారీ," అంది అక్క. చీరంతా చీమిడి కారుతోంది. ఆవిడకి ఆ ధ్యాసే లేదు. "ఆ మొదటి ముక్క మళ్ళీ సదువు."

"ఆస్ట్రేలియా పౌరురాలు శ్రీమతి అలివేలు యర్రంశెట్టి గారికి..."

"ఉండండుండండి," అన్నాడు సింహాద్రి ఫోన్ తుడుస్తూ. "నాది ఇపుడే ఆన్ అయ్యింది. ఇంకోపాలి."

చుట్టూ మూగినవాళ్ళు ఇంకాస్త దగ్గరికి జరిగారు. మేయర్ గారు తడి బూటు విప్పి చేత్తో పట్టుకుని నిలబడ్డారు. బారీ మా అందరికేసీ చూశాడు, అలివేలక్క కేసి చూశాడు. మోకాళ్ళకంటిన ఇసుక దులుపుకుని లేచి నిలబడి, టోపీ తీసి చంకలో పెట్టుకుని, మొదటినుంచీ చదివాడు.